నాలుగు ప్రశ్నల సారు

ఇటిక్యాలకు ఐదారు కిలోమీటర్ల అవతల ఉన్న ఊళ్లో బడిపంతులు కురుమూర్తికి పాఠాలు చెప్పడం కాక ఇంకో పని కూడా ఉండేది. ఆ పని పుణ్యమా అని ఆయనకు పెళ్లిపిలుపులు రావడం తగ్గిపోయింది. ఎవరు పుడుతున్నారు, ఎవరు పోతున్నారు, దేనివల్ల పోతున్నారు అని దేశంలో ప్రతి గడపా తొక్కి అడగడం సర్కారుకు సాధ్యం కాదు. అందుకని అక్కడక్కడ కొన్ని ఊళ్లను నమూనాగా ఏరుకుని, వాటి లెక్క కట్టి, దేశం సంగతి తేలుస్తారు. ఆ ఊరు అలా ఏరిన ఊరు. అందులో లెక్క రాసే మనిషి కురుమూర్తి.

జనవరిలో ఒకసారి, జులైలో ఒకసారి నూట నలభై ఇళ్లు తిరగాలి. ప్రతి గడపలోనూ అవే నాలుగు ప్రశ్నలు: ఈ ఆరునెలల్లో ఈ ఇంట్లో ఎవరైనా పుట్టారా? ఎవరైనా పోయారా? కొత్తగా ఎవరైనా వచ్చి చేరారా? ఎవరైనా ఇల్లు విడిచి వెళ్లారా? ఎవరైనా పోయి ఉంటే మాత్రం ఇంకో పెద్ద ఫారం ఉంది. పదకొండో రోజు దాటాక వెళ్లి, పోయినవాళ్లతో కలిసి ఉన్నవాళ్లను కూర్చోబెట్టి, ఎలా పోయారో మొదటినుంచీ అడిగి, వాళ్ల మాటల్లోనే రాసుకోవాలి. ఏడుపు ఆగిన ఇంట్లో మళ్లీ ఏడుపు లేపే పని అది. ఊళ్లో ఆయనకు యముని పట్వారి అని పేరు పెట్టారు. నవ్వుతూనే పెట్టారు గానీ, ఆయన సైకిల్ తమ సందులోకి తిరిగితే మాత్రం ఎవరూ నవ్వేవాళ్లు కాదు.

రెండువేల మూడులో ఈ పనికోసం మహబూబ్‌నగర్‌లో మూడు రోజుల శిక్షణ ఇచ్చారు. చివరి రోజు ఒక పుస్తకం చేతిలో పెట్టారు. అందులో ఎడమవైపు జనం మాట, కుడివైపు వైద్యం మాట. పచ్చకామెర్లు అన్నచోట కాలేయం, బిలిరుబిన్. చక్కెర రోగం అన్నచోట గ్లూకోజు, క్లోమం. ఉప్పు ఎక్కువ తింటే అందులోని సోడియం ఒంట్లో నీటిని పట్టి ఉంచుతుందని ఒకచోట. సగటు అంటే ఏమిటో, నమూనా అంటే ఏమిటో, ఒక ఊరు తప్పు రాస్తే లెక్క ఎక్కడ చెడుతుందో వెనకపేజీల్లో. కురుమూర్తి ఆ పుస్తకాన్ని నవల చదివినట్టు చదివాడు. భార్య నవనీత పోయి అప్పటికి ఐదేళ్లు. పిల్లలు లేరు. బడి అయ్యాక ఇంటికొచ్చి, పొయ్యి మీద బియ్యం ఎసట్లో వేసి, జఠరిక, కర్ణిక, బృహద్ధమని అని పైకి చదువుకునేవాడు. వినేవాళ్లు ఎవరూ లేరు కాబట్టి తప్పు చదివినా దిద్దేవాళ్లూ లేరు.

ఒకసారి హోటల్లో చాయ్ తాగుతూ ఎవరో కడుపు పట్టుకుని "కాలిజలో మంట" అంటే, "అది కాలేయం గాదు, జీర్ణాశయం" అని చెప్పబోయాడు. బల్ల మొత్తం గొల్లున నవ్వింది. "డాక్టర్ సాబ్ వచ్చిండు, జరగండ్రా!" అన్నారు. ఆ తర్వాత ఆయన తన విద్యను తనలోనే దాచుకున్నాడు. తెలిసింది చెప్పుకునే మనిషి లేకపోవడం ఆకలికన్నా చెడ్డదని ఆయనకు ఆ రోజుల్లో అర్థమైంది.

ఎనభై ఏడో నంబరు ఇల్లు జోగులమ్మది. పెనిమిటితో కలిసి కాలువ పనులకూ డ్యాము పనులకూ దేశమంతా తిరిగిన మనిషి. పెనిమిటి గుజరాత్‌లో పనికాడే పోయాడు. సంతానం లేదు. తిరిగొచ్చి రేకుల ఇంట్లో ఒక్కతే ఉండేది. ఆయనను చూసి తలుపు వేసుకోని గడప ఊరి మొత్తంలో అదొక్కటే.

"పుట్టినోళ్లు ఎవరన్న ఉన్నరా అవ్వా?" అని కురుమూర్తి అడిగేవాడు.

"పిల్లి ఈనింది సారూ, మూడు పిల్లలు. రాసుకో."

"పిల్లి లెక్కల రాదు."

"మరి నేనొస్తనా లెక్కల?"

"నువ్వొస్తవు. ఒక్కరు అని రాసిన."

నాలుగు ప్రశ్నలకూ లేదు, లేదు, లేదు, లేదు. ఐదు నిమిషాల పని. కానీ జోగులమ్మ లేవనిచ్చేది కాదు. గిన్నెలో బెల్లం నీళ్లు ఇచ్చి, ఉన్నవీ లేనివీ చెప్పేది. రెండువేల ఆరు జులైలో చెప్పింది: "రాత్రిపూట పండుకుంటె ఊపిరి అందుతలేదు సారూ. లేసి గోడకు ఒరిగి కూసుంటె జర నయమనిపిస్తది. గట్లనే కూసోని నిద్రపోతున్న." కురుమూర్తి తల ఊపి, పెన్ను మూత పెట్టాడు. తర్వాతి జనవరిలో చీర అంచు కొంచెం పైకెత్తి చూపించింది. "కాళ్లు సూడు, ఎట్ల ఉబ్బినయో. ఏలు పెట్టి ఒత్తితె గుంట పడి గట్లనే ఉంటది." పక్కన కంచంలో జొన్నరొట్టె, దాని మీద ఉప్పూ కారం తప్ప ఇంకేం లేవు.

"అవన్ని ఈ ఫారంల లెవ్వు అవ్వా" అన్నాడు కురుమూర్తి. కోపంగా అనలేదు. ఇంకా యాభై మూడు ఇళ్లు ఉన్నాయి, పొద్దు వాలుతోంది, అంతే.

ఆ మే నెలలో జోగులమ్మ పోయింది. ఎదురింటి బక్కయ్య మేకలు తోలుకుపోతూ చూస్తే గోడకు ఒరిగి కూర్చుని ఉందట. నిద్రపోతోందనుకుని వెళ్లిపోయాడు. మేకలు తిప్పుకుని వచ్చేసరికి కూడా అలాగే ఉంది. ఊరంతా ఒకటే మాట: పుణ్యాత్మురాలు, కూర్చున్నచోటే పోయింది, ఎవరికీ కష్టం పెట్టలేదు.

జులైలో కురుమూర్తి పెద్ద ఫారం తీసుకుని వెళ్లాడు. చెప్పడానికి ఆ ఇంట్లో మనిషి లేదు. బక్కయ్యను అడిగాడు. బక్కయ్యకు కూడా ఎవరూ లేరు, పది మేకలు తప్ప.

"ఏమన్న జబ్బుండెనా బక్కన్నా?"

"తెల్వదు సారూ. ముసల్ది. పోయింది."

"దమ్ము గిట్ల వచ్చేదా? కాళ్లు వాచేటివా?"

"నేనేడ సూసిన? పొద్దుగాల పోత, మాపటికొస్త."

చెప్పేవాళ్లు లేకపోతే ఫారం మీద 'కారణం తెలియలేదు' అని రాసి పంపాలి. దానికో అంకె ఉంది. అది వేస్తే జోగులమ్మ సంగతి ముగిసిపోతుంది. కురుమూర్తి ఇంటికొచ్చి అంకె వేయబోయి, ఎందుకో పుస్తకం తెరిచాడు. ఎడమవైపు ఇలా ఉంది: పడుకుంటే ఊపిరాడదు, లేచి కూర్చుంటే నయం. కాళ్ల వాపు, నొక్కితే గుంట. కుడివైపు ఒక్క ముక్క: గుండె వైఫల్యం. నాలుగేళ్లుగా కంఠతా వచ్చిన పేజీ అది. గుండె సరిగ్గా తోడకపోతే నీరు ఎక్కడ దిగుతుందో, ఊపిరితిత్తుల్లోకి ఎలా ఎక్కుతుందో, ఉప్పు దానికి ఎలా తోడవుతుందో ఆయన బొమ్మ గీసి మరీ చెప్పగలడు. ఆ పేజీ మొత్తాన్ని జోగులమ్మ ఆయన ఎదురుగా కూర్చుని, చీర అంచు ఎత్తి, పూస గుచ్చినట్టు చెప్పింది. ఆయన పెన్ను మూత పెట్టుకున్నాడు.

ఆ రోజు అన్నం వండుకోలేదు. కురుమూర్తి చెడ్డవాడు కాదు. అడగమన్నదే అడగడం అలవాటైన మనిషి. కానీ ఆ మాటతో ఆయనకు ఊరట దొరకలేదు, ఈ కథ చెప్పే నేను మాత్రం ఇవ్వబోయి లాభమేముంది.

మర్నాడు ఫారం నింపాడు. ఆమె మాటలను ఆమె అన్నట్టే, ఒక్క అక్షరం మార్చకుండా రాశాడు. సమాధానం చెప్పినవారు అన్నచోట తన పేరు రాసుకున్నాడు. పక్కనే ఇంకో గడి: మృతురాలితో సంబంధం. కొడుకు, కోడలు, అన్న, పొరుగు అన్నవన్నీ అచ్చువేసి ఉన్నాయి. దేని మీదా పెన్ను ఆనలేదు. చివరికి ఖాళీ జాగాలో 'ఆరునెలలకొకసారి ఇంటికి వచ్చేవాడు' అని రాశాడు.

పై అధికారి రామచంద్రయ్య జీపులో వచ్చినప్పుడు ఆ ఫారం దగ్గర ఆగాడు. "నువ్వే అడిగి నువ్వే చెప్తె ఎట్ల చెల్లుతది సారూ?"

"ఆమె మాటలే సార్. నేనేం కలపలే."

రామచంద్రయ్య కళ్లద్దాలు సర్దుకుని మొత్తం చదివాడు. మెత్తని మనిషి. "ఇంత సాఫ్‌గా చెప్పిందా నీకు? మరి దవాఖానకు పో అన్నవా?"

కురుమూర్తి నేల చూశాడు. "అనలే సార్. ఫారంల లేకుండె."

రామచంద్రయ్య సంబంధం గడిలోని వాక్యం మీద గీత కొట్టి 'పొరుగు' అన్న మాటకు టిక్కు పెట్టి, ఫారం సంచిలో వేసుకున్నాడు. ఎక్కడో ఇద్దరు డాక్టర్లు దాన్ని చదివి ఒక అంకె వేస్తారు. ఏం వేశారో ఊరికి తిరిగి కబురు రాదు. జోగులమ్మ గుండె సంగతి ఆ ఊళ్లో తెలిసినవాడు కురుమూర్తి ఒక్కడే మిగిలాడు.

రెండువేల ఎనిమిది జనవరిలో మళ్లీ ఇళ్లు తిరిగాడు. ముందు తన ఇల్లు రాసుకోవాలి. ఉన్నవారు: ఒకరు. ఆ అంకె కింద ఇంకో మాట రాయడానికి గడి లేదు. తను పోతే పెద్ద ఫారం పట్టుకుని వచ్చేవాడు ఎవరిని అడుగుతాడు? ఎనభై ఏడుకు తాళం. ఎదురుగా బక్కయ్య గుమ్మంలో కూర్చుని మేకపిల్లకు ఆకు తినిపిస్తున్నాడు. కురుమూర్తి నాలుగు ప్రశ్నలూ అడిగాడు. లేదు, లేదు, లేదు, లేదు.

కురుమూర్తి వెళ్లిపోలేదు. ఫారం మడిచి పక్కన పెట్టి, అరుగు మీద చతికిలబడ్డాడు.

"పానం ఎట్లున్నది బక్కన్నా?"

బక్కయ్య అనుమానంగా చూశాడు. "అది గూడ రాస్తరా?"

"రాయ. ఊరికెనే అడుగుతున్న."

అప్పుడు చెప్పాడు బక్కయ్య. నెల దాటిందట దగ్గు పట్టి. మాపటికి ఒళ్లు వెచ్చబడుతుందట. బట్టలు వదులైపోయాయట. కురుమూర్తికి పుస్తకంలో పేజీ నంబరు కూడా గుర్తొచ్చింది, కానీ పేజీ గురించి చెప్పలేదు. "రేపు బడికి సెలవు పెడ్త. ఇద్దరం గద్వాల దవాఖానకు పోదాం. తెమడ చూసి చెప్తరు. మేకలకు ఎవరినన్న పెట్టు" అన్నాడు.

బక్కయ్య సరేనన్నాడు. అయినా కురుమూర్తి కదల్లేదు. చెప్పు విడిచి పాదం చూపించాడు. "నాది గూడ ఇను. ఈ ఎడమకాలి వేళ్లు మొద్దుబారుతున్నయి. దప్పిక బాగ అయితుంది. నవనీత పోయినకాడి నుంచి ఎవ్వరికి చెప్పలే. రేపెప్పుడన్న నేను సచ్చిపోతే ఎవరో ఒకరు కాయితం పట్టుకోని వస్తరు. నువ్వు చెప్పాలె."

బక్కయ్య మేకపిల్లను ఒళ్లోంచి దించి, ఆ పాదాన్ని తేరిపార చూశాడు. "నాకు యాదుండదు సారూ. సదువురానోన్ని. ఒక్కసారి చెప్తె మర్సిపోత."

"మర్సిపో" అన్నాడు కురుమూర్తి. "మాపటికి మల్ల వచ్చి చెప్త."