చెవిలో నంబరు

మొన్న శనివారం మా మనవరాలు ఇంటికి ఒక కుక్కను తెచ్చింది. మందుల ప్రయోగశాలలో పని ముగిశాక విడిచిపెట్టిన బీగిల్ జాతి కుక్కట. వారం చూసుకుని, ఇష్టమైతే ఉంచుకోవచ్చట. "తాతయ్యా, డాడీ నో అంటున్నారు. మీరు అడిగితే ఓకే అంటారు. ప్లీజ్, ఆస్క్ చేస్తారా?" అంది. నేను కుక్క చెవి మడిచి చూశాను. లోపల పచ్చబొట్టు నంబరు ఉంది. ఇక కూర్చోలేకపోయాను. గరాజ్‌కీ వంటింటికీ మధ్య తిరుగుతూనే ఉన్నాను.

ఎనభైల మొదట్లో, ఈ దేశానికి వచ్చిన కొత్తలో, పిస్కాటవే అనే ఊళ్ళో అలాంటి చెవులు రోజూ చూసేవాణ్ణి. మా తాతగారి దివాణంలో గోడ నిండా పులితోళ్ళుండేవి. వేట మావాళ్ళకు వినోదం. దివాణం పోయింది, తోళ్ళు పురుగు పట్టిపోయాయి, నేను ఒక ల్యాబ్‌లో కుక్కల బోన్లు కడిగే ఉద్యోగంలో కుదిరాను. ఇస్త్రీ చొక్కా, టైతో వెళ్ళి, లోపల రబ్బరు బూట్లు తొడుక్కునేవాణ్ణి. జంతువుల మీద ప్రయోగాలు ఆపాలంటూ గేటు దగ్గర అట్టలు పట్టుకుని నిలబడే కుర్రకారు, నా టై చూసి నేనే పెద్ద సైంటిస్టుననుకుని నన్నే ఎక్కువగా తిట్టేవారు. ఆ గౌరవాన్ని నేనెప్పుడూ కాదనలేదు.

అసలు సైంటిస్టు మా ఊరి మనిషే. వాళ్ళ నాన్న మా దివాణంలో గుమాస్తా. ల్యాబంతా అతన్ని డాక్టర్ అంటే, అతను మాత్రం నా చేతిలో చీపురున్నా నన్ను "బాబుగారూ" అనేవాడు.

ఆ బోన్లలో ఒక ఆడకుక్క ఉండేది. గొట్టంలో నీళ్ళ చప్పుడుకి మిగతావన్నీ మూలకు నక్కితే, అది ముందుకొచ్చి నా బూటు మీద గడ్డం ఆనించేది. శుక్రవారంతో ప్రయోగం ముగుస్తుందని బోర్డు మీద రాశారు. ముగియడమంటే ప్రాణం తీసే సూదిమందు. డాక్టర్ సంతకం పెడితే ఒకటీ అరా ఇంటికి తీసుకెళ్ళే వీలుండేది. నేను ఒక్క మాట అడగాలి. మా ఇంట ఇవ్వడమే గాని అడగడం ఎవరూ నేర్పలేదు. అందులోనూ గుమాస్తాగారి అబ్బాయిని. కుళాయి కట్టానో లేదో చూసే మిషతో అతని గది ముందు వారమంతా తిరిగాను. "అడిగితే నోట్లోంచి ముత్యాలు రాలతాయా? పోనీ ఆ ఫోన్ ఇటివ్వండి, నేనడుగుతాను" అంది మా ఆవిడ. ఇవ్వలేదు. గురువారం అతనే బయటికొచ్చి, "ఏమైనా కావాలా బాబుగారూ?" అన్నాడు. "ఏమీ లేదు" అన్నాను, వెన్ను నిటారుగా పెట్టి. మర్నాడు సెలవు పెట్టాను.

సోమవారం బోను ఖాళీ. కడగాల్సిందేమీ లేకపోయినా కడిగాను. అతను వచ్చి పక్కన నిలబడ్డాడు. "సంతకం పెట్టి కాగితం సిద్ధంగా ఉంచానండి. మీ బూటు మీద అది తల పెట్టడం చూశాను. నా అంతట నేనిస్తే మీకు దానం చేసినట్టుంటుంది, నొచ్చుకుంటారని ఆగాను" అన్నాడు. మర్యాద ఇద్దరమూ తప్పలేదు. ఆ సాయంత్రం గేటు దగ్గర ఒకమ్మాయి నన్ను హంతకుడన్నప్పుడు, మొదటిసారి ఆగి విన్నాను.

"తాతయ్యా, ఇంకా వాకింగేనా? అడగరా?" అంటూ మనవరాలు గరాజ్‌లోకే వచ్చేసింది. లోపలికి వెళ్ళి మా అబ్బాయి ముందు నిలబడ్డాను. "నిన్నొకటి అడగాలిరా" అన్నాను. వాడు ఆ మాట నా నోట ఎన్నడూ వినలేదు, టీవీ కట్టేశాడు. "ఆ కుక్కను ఉండనిస్తావా?"

వాడు నన్నూ, కుక్కనూ చూసి తలూపాడు. కుక్క బతికేది పన్నెండేళ్ళో, పద్నాలుగేళ్ళో. ఒక్క మాట అడగడం నేర్చుకోవడానికి నాకు మూడు కుక్కల ఆయుష్షు పట్టింది.