రొయ్యల షెడ్డులో పాడిన పద్యం

నాటకాలక్కను తలుచుకుంటే నాకు ముందు ఆమె గొంతే వినిపిస్తుంది. తోటపల్లి గూడూరు దగ్గర రొయ్యల షెడ్డులో ఆమెది నా ఎదురు పీట. తలనొప్పిగా ఉందని చెప్పినా షెడ్డంతా వినపడేది.

చిన్నప్పుడే ముఖానికి రంగేసుకుని, ఈ సముద్రపు ఒడ్డు ఊళ్ళ తిరునాళ్ళన్నిట్లో రాణి వేషాలు కట్టిన మనిషి. తర్వాత తిరునాళ్ళకు డ్యాన్సు ట్రూపులు వచ్చాయి. హార్మోనియం వాయించే భర్త పోయాడు. పిల్లల్లేరు. రొయ్యల తలకాయలు తీసే పనికి వచ్చి చేరింది.

ఒక మధ్యాహ్నం అన్నాలు తిన్నాక, "ఒక్క పద్యం పాడక్కా" అని అందరం బతిమాలాం. చాలాసేపు వద్దంది. చివరికి చేతులు సబ్బుతో రుద్ది కడుక్కుని, కొంగు సర్దుకుని, లేచి పాడింది. రాగం తీసే చోట గొంతు వణికింది గాని తెగలేదు. మేం చప్పట్లు కొట్టాం. ఇంతలో ఐసులో పెట్టిన రొయ్యలతో బండి వచ్చింది. మేమంతా గ్లవుజులు తొడుక్కుని పనిలో పడ్డాం. ఆమె మాత్రం అక్కడే నిలబడి ఉంది.

"ఏందక్కా, కూర్చోవా?" అన్నాను.

"పద్యం అయినాక జనం వన్స్ మోర్ అంటారు గదమ్మా. అలవాటుగా నిలబడినా" అంది.

"వన్స్ మోర్ అక్కా!" అని గట్టిగా అరిచాను.

ఆమె నవ్వింది.

"ఒక్కరంటే పాడరమ్మా. పందిరంతా అనాల" అని, కూర్చుని రొయ్యల గంప ముందుకు లాక్కుంది.