ఆ కన్ను ఏ ఊళ్ళో పోయినట్టు?

డిపోలో అందరూ అతన్ని నిదానం బాబాయి అనేవారు. వంతెనకు ఇవతలున్న తన ఊరికీ, అవతలున్న పెద్ద ఊరికీ మధ్య ఇరవయ్యారేళ్ళు బస్సు నడిపి, ఒక్కరికీ చిన్న గీత కూడా పడనివ్వని డ్రైవరు. ఎవరైనా తొందరపెడితే, "ఇంటికి చేరుస్తాను. పైకి పంపాలంటే మాత్రం వేరే డ్రైవర్ని చూసుకోండి" అనేవాడు.

యాభై మూడో ఏట ఎడమ కంటికి శుక్లం వచ్చింది. అవతలి ఊరి కంటాసుపత్రిలో మంగళవారం ఆపరేషన్ చేసి, సాయంత్రానికి కట్టుతో ఇంటికి పంపారు. గురువారం పొద్దున లేచేసరికి కన్ను చింతనిప్పులా ఉంది. తల పగిలిపోయేంత నొప్పి. అదే ఆసుపత్రివాళ్ళ చిన్న క్లినిక్కు ఇవతలి ఊళ్ళో ఉంటే, భార్య అక్కడికి తీసుకెళ్ళింది. ఆపరేషన్ చేసిన డాక్టరు అక్కడ లేడు. నర్సు లోపలికెళ్ళి ఆయనకు ఫోను చేసి వచ్చింది.

"మామూలేనటండి. చుక్కలు వేసుకుంటూ ఉండమన్నారు. సోమవారం ఆయన వస్తారు, అప్పుడు చూపించుకోండి."

సోమవారానికి కంటి నిండా చీము. చూపు పోయింది.

ఒంటికన్నుతో స్టీరింగు ఇవ్వరు. డిపోలో టైర్ల గోడౌన్లో కూర్చోబెట్టారు. వచ్చిన టైరుకు నంబరు రాయడం, పోయిన టైరు నంబరు కొట్టెయ్యడం, అదీ పని. కప్పులో టీ పోసుకోబోతే పక్కన ఒలికేది. అయినా కన్ను పోయిందన్న బాధకన్నా అతన్ని కాల్చేసింది ఇంకొకటి.

"ఆ నాలుగు రోజులు నా కన్ను ఎందుకు చూడలేదో ఆ డాక్టరు నా మొహం మీద చెప్పాలి. నాక్కావలసింది అంతేనమ్మా" అన్నాడు, కేసు పట్టిన లాయరమ్మతో.

ఇవతలి ఊరి కోర్టులో కేసు వేశారు. ఆసుపత్రి తరఫున వచ్చిన బట్టతల లాయరు కన్ను ఊసే ఎత్తలేదు. "ఆపరేషన్ జరిగింది అవతలి ఊళ్ళో. ఈ కేసు వినే అధికారం ఈ కోర్టుకు లేదు" అన్నాడు. ఆ ఒక్క ముక్క తేల్చడానికి రెండేళ్ళ పైనే పట్టింది. ఓసారి లాయరుకు జ్వరం. ఓసారి జడ్జిగారికి బదిలీ. కొత్తాయన వచ్చేదాకా ఆరు నెలలు ఖాళీ కుర్చీ. వాయిదా వాయిదాకీ బాబాయి సెలవు పెట్టి, ఇస్త్రీ చొక్కా వేసుకుని వెళ్ళి, వరండా బల్ల మీద కూర్చుని, సాయంత్రం తిరిగొచ్చేవాడు. "ఏమైంది?" అని భార్య అడగడం మానేసింది. గుమ్మంలో చెప్పులు విడిచే చప్పుడు వింటే తెలిసిపోయేది. చివరికి జడ్జిగారు కాగితాలు వాపసిచ్చి, సరైన కోర్టులో వేసుకోమన్నారు.

అవే కాగితాలు పట్టుకుని వంతెన దాటారు. అక్కడ జడ్జిగారు ఒకావిడ. అదే లాయరు మళ్ళీ లేచాడు.

"ఆపరేషన్లో తప్పుందని వీళ్ళే అనడం లేదు. తర్వాత క్లినిక్కులో చూడలేదంటున్నారు. ఆ క్లినిక్కు ఉన్నది వాళ్ళ ఊళ్ళో. కాబట్టి ఈ కోర్టుకు అధికారం లేదు. పైగా కేసు వెయ్యాల్సిన గడువు కూడా దాటిపోయింది."

బాబాయికి ఒళ్ళు మండిపోయింది. భార్య చొక్కా పట్టుకుని లాగుతున్నా వినకుండా లేచి నిలబడ్డాడు.

"అమ్మా, అక్కడ అడిగితే ఇక్కడికి పొమ్మన్నారు. ఇక్కడికొస్తే అక్కడంటున్నారు. నా కన్ను ఏ ఊళ్ళో పోయిందో ఆయన్నే రాసిమ్మనండి. ఆ ఊరికే పోతాను. వంతెన మధ్యలో పోయిందంటే అక్కడే నిలబడతాను."

వెనక ఎవరో కిసుక్కుమన్నారు. జడ్జిగారు కళ్ళజోడు తీసి, "మీరు కూర్చోండి. మీకు లాయరున్నారు కదా" అన్నారు. కూర్చున్నాడు. ఆవిడ మాత్రం మొదటి కోర్టు కాగితాలు తెప్పించి, బట్టతల లాయరు అక్కడేమన్నాడో అతని చేతే పైకి చదివించారు. పది రోజులకు ఉత్తర్వు వచ్చింది. అక్కడొక మాట, ఇక్కడొక మాట కుదరదు. పొరపాటున వేరే కోర్టులో గడిచిన కాలాన్ని గడువులోంచి తీసెయ్యాలి. కేసు ఇక్కడే నడుస్తుంది.

లాయరమ్మ మిఠాయి తెప్పించింది. బాబాయి ముట్టలేదు. "మూడేళ్ళకు గేటు తీశారు. ఇంకా లోపలికి పోలేదమ్మా" అన్నాడు. అన్నంత పనీ అయింది. ఆసుపత్రి పైకోర్టుకెళ్ళి స్టే తెచ్చుకుంది. అది కొట్టేసేసరికి మరో ఏడాది.

ఐదో ఏట డాక్టరు బోనెక్కాడు. లాయరమ్మ క్లినిక్కు రిజిస్టరు అతని ముందు పెట్టింది. గురువారం పేజీలో నర్సు చేతిరాత: ఎరుపు, బాగా నొప్పి, డాక్టరుగారికి ఫోనులో చెప్పాను, సోమవారం చూస్తానన్నారు.

"చూడకుండానే సోమవారమని ఎలా చెప్పారు?"

డాక్టరు బాబాయి వైపు ఒక్కసారి చూశాడు. "రోజుకు ముప్పై ఆపరేషన్లు చేస్తాను. ఈ పేషెంటు నాకు గుర్తులేడు" అన్నాడు.

ఇన్నేళ్ళూ బాబాయి ఎదురుచూసిన జవాబు అది. అరవాలనిపించింది.

తీర్పు అతని వైపే వచ్చింది. ఆసుపత్రిది నిర్లక్ష్యమేనని రాశారు. ఈసారి వాళ్ళు అప్పీలుకు పోలేదు. "గెలిచావు కదా బాబాయ్, ఇంకా ఆ మొహమేంటి?" అన్నాడు పాత కండక్టరు.

"గెలిచాన్రా. ఎందుకు చూడలేదంటే గుర్తులేదన్నాడు. తీర్పంతా రెండుసార్లు చదివించుకున్నాను. దానికి జవాబు అందులోనూ లేదు."

నెల తిరక్కుండా భార్యను వేరే కంటాసుపత్రికి తీసుకెళ్ళాడు. ఆమెకూ శుక్లం వచ్చి రెండేళ్ళయింది. భయంతో ఇన్నాళ్ళూ ఎవరికీ చూపించుకోలేదు. ఆపరేషన్ రోజు ఖాయం చేశాక, "ఇంకేమైనా అడగాలా?" అంది డాక్టరమ్మ.

"మీ సొంత నంబరు కావాలండి. కౌంటరుది కాదు."

ఆవిడ కాస్త ఆలోచించి, మందుల చీటీ వెనక రాసిచ్చింది. బాబాయి చీటీని కుడి కంటికి దగ్గరగా పెట్టుకుని, అక్కడే నిలబడి ఒక్కో అంకె నొక్కాడు. బల్ల మీద ఆవిడ ఫోను మోగింది.

"నమ్మకం లేదా?" అంది డాక్టరమ్మ.

"ఏమీ అనుకోకండమ్మా. ఐదేళ్ళు కోర్టుల చుట్టూ తిరిగొచ్చారు" అంది భార్య.

డాక్టరమ్మ ఫోను చేతిలోకి తీసుకునేదాకా బాబాయి మోగనిచ్చి, అప్పుడు కట్ చేశాడు.