తాతగారి పత్రికలో ‘గారు’

మొన్న మా వీధి చివర గ్రంథాలయం వాళ్ళు ముగ్గురు వచ్చి, తెల్లదొరల కాలంలో రాజమండ్రి నుంచి వచ్చిన పత్రికల మీద చిన్న పుస్తకం వేస్తున్నామండి, మీ తాతగారి రాజకీయ జీవితం ఒక్క పేజీలో రాసివ్వండి అని అడిగారు. సరేనన్నాను గానీ, ఈ వయసులో ఒక్క పేజీ రాయడమంటే నాకు ఎకరం వరి ఊడ్చినంత పని. వాళ్ళకు కావలసింది పదవులు. ఉప్పు వండినందుకు జైలు, చెన్నపట్నం శాసనసభలో ఒక దఫా సభ్యత్వం, సొంత వారపత్రికకు సంపాదకత్వం, ఆ తర్వాత ఏమీ లేదు. మూడు ముక్కల్లో అయిపోయింది. ఆ ‘ఏమీ లేదు’ ఎందుకని ఎవరూ అడగరు, నాకేమో బాగా గుర్తున్నది అదొక్కటే.

పత్రిక మా పెరటి చావడిలోనే అచ్చయ్యేది. తాతగారు రాసేవారు, నాన్నగారు సీసపు అక్షరాలు ఒక్కొక్కటే ఏరి కూర్చేవారు. సిరా, కిరసనాయిలు కలిసిన ఆ వాసన మా అన్నం కంచాల దాకా వచ్చేది, చుట్టాలు ముక్కు మూసుకునేవారు, మాకు మాత్రం అది లేకపోతేనే ఇల్లు వెలితిగా ఉండేది. తాతగారికి ఒక పట్టుదల ఉండేది. తన పత్రికలో ఎవరి పేరు పడినా పక్కన ‘గారు’ పడాల్సిందే, కలెక్టరైనా సరే, కోడిపందెంలో పట్టుబడి కోర్టుకెక్కిన వాడైనా సరే. అక్షరాల డబ్బాలో అన్నిటికంటే ముందు ‘గా’లే అరిగిపోతున్నాయని నాన్నగారు సణుక్కునేవారు.

మా మామ్మకైతే ఇది ఒళ్ళుమంట. ఎందుకంటే ఇంట్లో తాతగారు అందరిలాగే మాట్లాడేవారు, పాలు తెచ్చేవాణ్ణి ఒరేయ్ అనేవారు, చాకలామెను ఒసేయ్ అనేవారు. కాగితం మీద గారు, గుమ్మంలో ఒరేయ్, ఇదేం వరసండీ మీది, అని ఆవిడ అడిగితే ఆయన కళ్ళజోడు తుడుచుకునేవారు.

నాకు ఏడేళ్ళప్పుడు కాబోలు, మళ్ళీ ఎన్నికలు వచ్చాయి. అప్పట్లో ఓటు అందరికీ ఎక్కడిది, పన్ను కట్టే భూస్వాములకు, నాలుగక్షరాలు చదివినవాళ్ళకు. ఈసారి కూడా సీటు తాతగారిదేనని ఊరంతా అనుకున్నారు. ఆయన జైల్లో ఉన్నన్నాళ్ళూ పిల్లల్ని వెంటేసుకుని పుట్టింటి గడపలో పడి ఉన్న మామ్మ, ఇన్నాళ్ళకు కాస్త ఊపిరి పీల్చుకోవచ్చని ఆ సీటు మీదే ప్రాణం పెట్టుకుంది. సరిగ్గా అప్పుడే కోనసీమలో వరదొచ్చి ఒక ఊరి కాలవగట్టుకు గండి పడింది. దాన్ని పూడ్చబోయి, ఏడాది జీతానికి పొలం పనిచేసే పాలికాపు ఒకాయన కొట్టుకుపోయాడు. అదే వారం అదే ఊరి పెద్ద భూస్వామి మంచాన పడి కన్నుమూశారు. తాతగారు రెండు వార్తలూ ఒకదాని కింద ఒకటి వేశారు. భూస్వామిగారు స్వర్గస్థులైనారు, పోలన్న గారు స్వర్గస్థులైనారు.

రెండు రోజులకు భూస్వామి తమ్ముడుగారు నలుగుర్ని వెంటబెట్టుకుని వచ్చారు. అందరూ తాతగారి పక్షం వాళ్ళే, ఓట్లున్న వాళ్ళే. అరుస్తారేమోనని తలుపు చాటున భయపడ్డాను గానీ వాళ్ళు గొంతయినా పెంచలేదు. “మా అన్నగారినీ మా పాలికాపునీ ఒకే స్వర్గానికి పంపారేంటండీ” అన్నారు తమ్ముడుగారు నవ్వుతూనే. వచ్చే సంచికలో సవరణ వేస్తే చాలు, సీటు సంగతి తాము చూసుకుంటామని చెప్పి, కాఫీ తాగి మరీ వెళ్ళారు. మామ్మ వచ్చి తాతగారి ఎదుట కూర్చుంది. రెండక్షరాలే కదండీ, పొరపాటున పడ్డాయని వేసేద్దురూ, పోయినవాడు చూడొస్తాడా, నా మొహం చూసైనా వెయ్యండి, అని ఏడ్చింది. తాతగారు సవరణ వేస్తానన్నారు. ఆ పూట ఇంట్లో అందరం తేలికపడ్డ మనసుతో భోంచేశాం.

వేశారు కూడా. గత వారం పోలన్న గారి మరణవార్తలో వారి ఇంటిపేరు వేయకపోవడం మా పొరపాటు, దయచేసి మట్టా పోలన్న గారు అని చదువుకోగలరు, అని. నాన్నగారు కూర్చేటప్పుడు రెండుసార్లు తాతగారి మొహంలోకి చూసి కూర్చేశారు.

సీటు తమ్ముడుగారికి పోయింది. పల్లెల్లో చందాదారులు పత్రిక కట్టలను దారం విప్పకుండా తిప్పి పంపేవారు, కొన్నాళ్ళకు అచ్చుయంత్రం మీద గోనెపట్టా కప్పేశారు. తాతగారు అరుగు మీద పడక్కుర్చీలో కూలబడితే పొద్దు గుంకేదాకా లేచేవారు కారు. మామ్మ కంచం పెట్టేది, మాట్లాడేది కాదు. ఆ ఇంట్లో ఒకరి అలసట ఇంకొకరికి తగులుతూ ఉండేది, పిల్లలం కూడా మెల్లగా నడవడం నేర్చుకున్నాం.

అలాంటి ఒక మధ్యాహ్నం, కాలవలో పడవెక్కి వచ్చిన ఒకామె మా గేటు బయట నిలబడింది. తాతగారు కళ్ళు తెరవకుండానే అలవాటుగా “ఎవత్తివే?” అన్నారు. “ఆయ్, పోలన్న పెళ్ళాన్నండి. మా ఆయన పేరు తవరి కాయితంలో ఏశారంట కదండీ, ఓసారి సదివి ఇనిపిత్తారేమోనని” అందామె. తాతగారు కళ్ళు తెరిచారు. సీటు పోగొట్టిన ఆ రెండు సంచికలనూ మామ్మే లోపల వెతికి తెచ్చింది. చదివింది. ఆమె మళ్ళీ చదవమంది. విని, “ఆ గారన్నది మా ఆయన్నేనాండీ?” అని అడిగింది. అవునమ్మా మీ ఆయన్నే, అంది మామ్మ.

అప్పుడు తాతగారు పడక్కుర్చీలోంచి లేచారు. “లోపలికి రండమ్మా, కూర్చోండి” అన్నారు. ఆ మాట అలాంటి మనిషితో మా అరుగు మీద ఎవరూ అనగా నేను వినలేదు, ఆమె కూడా విని ఉండదు, బెదిరిపోయి ఒక అడుగు వెనక్కి వేసింది. ఎంత చెప్పినా కూర్చోలేదు. ఆమె నిలబడి ఉన్నంతసేపూ తాతగారూ కూర్చోలేదు. ఆమె వెళ్ళాక నన్ను దగ్గరకు పిలిచి, “అచ్చులో వెయ్యడం ఏముందే అమ్మలూ, నోట్లోంచి రావడానికే ఇన్నేళ్ళు పట్టింది” అన్నారు. ఆ రాత్రి మామ్మ ఆయనతో మాట్లాడింది.

ఇప్పుడు ‘గారు’ బాగా చవకైంది. అప్పు ఇస్తామంటూ ఫోను చేసే పిల్ల కూడా నన్ను పేరు పెట్టి గారు అంటుంది, అప్పు వద్దమ్మా అంటే చటుక్కున ఫోను పెట్టేస్తుంది. ఫ్లెక్సీల మీద నాయకులకు ముందొక శ్రీ, వెనకొక గారు. దినపత్రికల్లో మాత్రం ఎవరికీ లేదు, చోటు చాలదట. పోనీ ఇదీ ఒక సమానత్వమే అనుకుందామంటే అదీ కాదు, పెద్దవాళ్ళు పోతే కన్నుమూత అంటారు, కూలివాడు పోతే కూలీ మృతి అంటారు. చదివి చదివి విసుగొచ్చింది నాకు, కోపం తెచ్చుకునే ఓపిక కూడా లేదు. అయినా అలాంటి వార్త కంటపడితే, కింద చిన్నక్షరాల్లో ఆ మనిషి పేరు వెతికి, పక్కన గారు చేర్చి పైకి ఒకసారి చదువుతాను. ఎవరితోనండీ మాట్లాడుతున్నారు, అని కోడలు వంటింట్లోంచి అడుగుతుంది. ఎవరితోనూ కాదమ్మా, అంటాను.