మిల్లు కాలనీ తలుపులు తిప్పిన సైదమ్మవ్వ

సైదమ్మవ్వ ఇక లేదన్న వార్త సోమవారం పొద్దున ఫోనులో విని నిర్ఘాంతపోయాను. ఆదివారం సాయంత్రమే బజారులో నిలబడి నాతో మాట్లాడిన మనిషి! తెల్లారి నీళ్లు పట్టుకుంటూ కుప్పకూలిందట. రెండు రోజులైనా నా బుర్ర ఇంకా పనిచేయడం లేదు.

మిర్యాలగూడ శివారులో ఒక రైస్‌మిల్లు యజమాని తన కూలీల కోసం కట్టించిన ఆదర్శ గ్రామం మా కాలనీ. అక్కడి బడిలో పంతులుగా పనిచేసి రిటైరైన నాకు దాని చరిత్ర రాసే బాధ్యత అప్పగించారు. తొలినాడు కాపురానికి వచ్చినవాళ్లలో మిగిలింది సైదమ్మవ్వ ఒక్కతే. మిల్లు కళ్లంలో కాళ్లతో వడ్లు తిరగేస్తూ జీవితమంతా గడిపిన శ్రమమూర్తి.

యజమాని ఇళ్ల తలుపులన్నీ మిల్లు వైపే పెట్టించాడు. గడప దాటితే పనిలోకే అని మురిసిపోయాడు. ఊక దుమ్ము ఎటు కొడుతుందో ఆ మహానుభావుడికి తోచలేదు. అన్నంలో దుమ్ము, పిల్లలకు ఆగని దగ్గు. ఒకనాడు సైదమ్మవ్వ గడ్డపారతో వెనక గోడ పగలగొట్టి, తలుపు అటు మార్చి, ముందు వైపు మట్టితో మూసేసింది. యజమాని ఉరికొచ్చి, "ఎవర్నడిగి పలగొట్టినవ్?" అని గద్దించాడు.

"గీడ కూసొని ఒక్క పూట బువ్వ తినుండ్రి సేటూ, ఎనక అడుగుండ్రి" అన్నది, పాత గడప ముందు కంచం పెట్టి.

ఆయన దుమ్ము పడుతున్న ఆ కంచంలోకి చూసి వెళ్లిపోయాడు. నెల తిరిగేసరికి కాలనీ మొత్తం తలుపులు తిప్పుకుంది. పిల్లల దగ్గు తగ్గింది.

ఇది ఆమె నోట ఎన్నోసార్లు విన్నాను. కానీ పుస్తకంలో రాయలేదు. యజమాని మనవలు అచ్చు వేయిస్తున్నారు కదా అని జంకి, తలుపులు వెనక వైపు ఉండడం ఆయన దూరదృష్టికి నిదర్శనమని రాశాను. పిరికితనానికి సంస్కృత పదాలు బాగానే దొరుకుతాయి.

ఆదివారం ఆమె అడిగింది అదే. "సారూ, తలుపు ముచ్చట రాసినవా? నా పేరు బుక్కుల వస్తదని గల్లీల అందరికీ చెప్పిన. జర సదివి ఇనిపియ్యి."

"రాశానవ్వా, రేపు చదువుతా" అన్నాను. నమ్మింది. నవ్వుకుంటూ వెళ్లిపోయింది.

సైదమ్మవ్వా, ఆ పేజీ చింపేసి మళ్లీ రాశాను. నీ పేరుతోనే మొదలవుతుంది. కాగితం పట్టుకుని మీ ఇంటి దాకా వచ్చాను. లోపల ఎవరికి చదవను?