తమ్ముడి చప్పిడి కూడు

రక్తంలో మురికి ఏదో, మంచి ఏదో కిడ్నీకి ఎలా తెలుస్తుందని ఫోన్‌లో ఈ అవ్వను అడిగావు కదా చిన్నోడా. అది మురికిని వెతుక్కుంటూ కూర్చోదు. గోడలకు సున్నం కొట్టేముందు సామానంతా వాకిట్లో పెడతామే, అలా నీళ్లు, ఉప్పు, చక్కెర, చెత్త అన్నిటినీ ఒక సన్న జల్లెడలోంచి వదిలేస్తుంది. జల్లెడ కింద సన్నని గొట్టం. అందులో పారుతుండగానే మనకు కావలసినవాటిని మళ్లీ రక్తంలోకి తీసుకుంటుంది. మిగిలిందే ఉచ్చ. ఒక్కో కిడ్నీలో ఇలాంటివి లక్షలు. నెఫ్రాన్లు అంటారని మీ అమ్మ పరీక్షలకు చదువుతుంటే విన్నాను. జల్లెడ సంగతి మాత్రం నాకు మైసూరు మహారాజు కాలంలోనే తెలుసు, మా తమ్ముడి పుణ్యాన.

మాది నాగలమడిక పక్కన ఊరు. తమ్ముడు పుట్టినప్పటి నుంచీ ఎండుపుల్లే. నాలుగేళ్లొచ్చినా అమ్మ చంక దిగేవాడు కాదు. ఆ చలికాలం ఒళ్లంతా గజ్జి లేచి, పుండ్లై, వేపాకు నీళ్లు పోయగా పోయగా మానింది. ఆ తర్వాత వాడి బుగ్గలు నిండాయి. మా నాయనను కన్న జేజికి పట్టరాని సంబరం.

"సూడే, మొలతాడు బిగుసుకొనింది! నా చేతి సంగటి వంటబట్టినాది."

"అవు, నీ చేతిదే. నేను పెట్టిందంతా కుక్క తినినాది," అంది అమ్మ నవ్వుతూ.

ఆ నవ్వుతోనే మొలతాడు వదులు చేసి, దిష్టి తగలకుండా బుగ్గన మసిబొట్టు పెట్టింది. వానలు లేని సీమలో పిల్లవాడు బొద్దుగా అవుతుంటే ఎవరికి అనుమానం వస్తుంది? బుగ్గ నొక్కితే నా వేలి గుంట అలాగే నిలిచేది. నాకదో ఆట.

ఒక పొద్దున వాడు వాకిలి బండ మీద ఉచ్చ పోస్తే ఉలవలు ఉడికిన కట్టు రంగులో ముదురుగా పారింది. అమ్మను పిలిచాను. వచ్చి చూసి, చేతిలో చాట జారవిడిచింది. అప్పుడు చూశాం, వాడి రెప్పలు కూడా ఉబ్బి సగం మూసుకుపోయి ఉన్నాయి. నాయన వెంటనే బండి కట్టాడు.

పావగడ డాక్టరు వాడి ఉచ్చను గాజుగొట్టంలో పట్టి దీపం మీద కాచాడు. పైన తెల్లగా, పాలు విరిగినట్టు గడ్డకట్టింది.

"ఇది గుడ్డు తెల్లసొన లాంటి సత్తువమ్మా. రక్తంలో ఉండాల్సింది కారిపోతా ఉండాది. పుండ్లు లేసిన పిల్లోళ్లకు ఒక్కోతూరి లోపల జల్లెడ చెడతాది. ఇది లావు కాదు, నీరు."

"జల్లెట్లో మిగిలింది మేము గొడ్లకేస్తాం సామీ," అంది అమ్మ అయోమయంగా.

"ఈ జల్లెట్లో మిగిలేదే బిడ్డకమ్మా. కిందికి పోయేదే పారబోసేది."

"బతుకుతాడా సామీ?"

ఆయన పడుకోబెట్టి ఉంచమని, నీళ్లు కొలిచి ఇమ్మని, ఉప్పు ఒక్క రవ్వ కూడా తగలనివ్వొద్దని మాత్రం చెప్పాడు.

వాడికి చప్పిడి కూడు పెడితే తట్ట తోసేసి, "అక్క కూట్లో ఉప్పుండాది, నాకు ల్యా!" అని ఏడ్చేవాడు. దాంతో అమ్మ ఇంటిల్లిపాదికీ ఉప్పు మాన్పించింది. నేను నా ముద్ద వాడికి చూపించి, నమిలి, ఆహా అనేదాన్ని. అప్పుడు తినేవాడు.

జేజి గొణిగేది. "ఉప్పు తినక కోడలి మీద కోపం కూడా రాలేదు గదే నాకు!"

"రాకుంటే మంచిదే అత్తా, ఇంకో ముద్ద తిను," అనేది అమ్మ.

మెల్లగా ఉచ్చ తేటపడింది, వాపు తీసింది. బండి కట్టుకుని మళ్లీ వెళ్తే, డాక్టరు కాచిన గొట్టంలో ఈసారి ఏమీ గడ్డకట్టలేదు. అమ్మ ఆ గొట్టాన్ని వెలుతురుకు పెట్టి చూపించమని రెండోసారి అడిగి మరీ చూసింది.

ఇంట్లో చారుకు మళ్లీ ఉప్పు పడింది. తమ్ముడు గిన్నె నాకి నాకి తిన్నాడు. అమ్మ మాత్రం కుండలో ఉప్పు వేయకముందే తన వంతు పక్కకు తీసి పెట్టుకుంది. ఆ రోజే కాదు, బతికినన్నాళ్లూ అంతే. మొక్కుకున్నావా అంటే, "తినుమే, సల్లారిపోతాది," అనేది. తమ్ముడు పెళ్లి చేసుకుని బిడ్డల తండ్రయ్యాక కూడా ఒకసారి పక్కన కూర్చుని అడిగాను. "వాడు బాగుండాడు కదమ్మా, ఇంకా నీకెందుకీ చప్పిడి కూడు?"

"ఆ పొద్దు మొలతాడు బిగిస్తే లావైనాడని నవ్వుకుంటా వదులు చేసినాను గదే, నీరని తెలుసుకోకుండా," అంది అమ్మ, చప్పిడి ముద్ద కలుపుకుంటూ.