పక్కింటి అక్క డైరీ, మా ఇంటి కాకరకాయ

నా చిన్నప్పుడు నేనొక డైరీని దొంగతనంగా చదివాను. ఇన్నేళ్ళ తర్వాత ఈ మాట ఎందుకు ఒప్పుకుంటున్నానంటే, ఇంటర్ చదివే మా మనవరాలు ఈ మధ్య హిందూపురంలో మా ఇంటి నిండా ఒకే రకం పుస్తకాలు తెచ్చి పోస్తోంది. అన్నీ డైరీల రూపంలో రాసిన నవలలే. ఒకదాంట్లో మొగుడు మోసం చేస్తాడు, ఇంకోదాంట్లో అక్కచెల్లెళ్ళు కొట్లాడుకుంటారు, మరోదాంట్లో ఎవరి రహస్యమో ఎవరో బయటపెడతారు. చదవమని నాకూ ఒకటి ఇచ్చింది. మొదటి పేజీలో తేదీ చూడగానే నా నాలుక మీద కాకరకాయ చేదు తగిలింది. ఆ చేదు ఎక్కడిదో చెబుతాను.

అప్పుడు మేం ధర్మవరంలో ఉండేవాళ్ళం. నాయనకు కిరాణా అంగడి. కొత్త సంవత్సరం రాగానే టీపొడి కంపెనీ మనిషి ఒక డైరీ ఇచ్చి పోయేవాడు. నాయనకు రాసే అలవాటు లేదు. ఆ ఏడు దాన్ని నేను కాజేద్దామని కాచుకుని ఉంటే, ఆయన తీసుకుపోయి పక్కింటి అక్కకు ఇచ్చేశాడు. అక్క పదో తరగతి పాసైంది, చేతిరాత బాగుంటుంది, అదీ ఆయన చెప్పిన కారణం. నాకు ఒళ్ళు మండిపోయింది. న్యాయంగా ఆ డైరీ మా ఇంటిది. మా ఇంటి డైరీలో ఎవరేం రాసినా చదివే హక్కు నాకుందని పదేళ్ళ వయసులో నేనే తీర్పు చెప్పుకున్నాను.

పక్కింటివాళ్ళది మగ్గం ఇల్లు. అక్క నాయన పట్టుచీరలు నేసేవాడు. అక్క పట్టుదారాన్ని కండెలకు చుట్టేది, పడుగు అనే నిలువు పోగుల్ని అతికేది. డైరీని మగ్గం వెనక గోడ గూట్లో, కండెల బుట్ట కింద పెట్టుకునేది. వాళ్ళమ్మకు చదువు రాదు, వదినకు అటువైపు పోయే తీరిక లేదు. ఆడుకోవడానికి వచ్చినట్టు వచ్చి, అక్క నాయన అన్నానికి లేచిన సమయంలో నేను రోజూ రెండు పేజీలు పూర్తి చేసేదాన్ని.

చదివి ఊరుకుని ఉంటే ఈ కథే లేదు. మా వీధి కొళాయికి నీళ్ళు రోజు మార్చి రోజు వచ్చేవి. బిందెలు వరసలో పెట్టి ఆడవాళ్ళు గంటసేపు కూచునేవాళ్ళు. ఒకరోజు ఏదో మాట మీద, అక్కను చూడటానికి హిందూపురం నుంచి వచ్చిన పెళ్ళికొడుకు పదకొండు బజ్జీలు తిని అక్క ముఖం ఒక్కసారి కూడా చూడలేదని నోరు జారాను. అందరూ నవ్వారు. ఒకావిడ నన్ను పిలిచి తన పక్కన కూచోబెట్టుకుంది. మా ఇంట్లో ఆఖరిదాన్ని, నా మాట ఎవరూ వినేవాళ్ళు కాదు. ఇక్కడ పదిహేను మంది వింటున్నారు. ఆరోజు నుంచి నీళ్ళు వచ్చిన ప్రతిసారీ అక్క డైరీని విడతలు విడతలుగా చెప్పడం మొదలుపెట్టాను. వదిన బెల్లాన్ని రాగిపిండి డబ్బాలో దాచడం, దాని మీద అత్తాకోడళ్ళు మాట్లాడుకోకుండా వారం గడపడం, ఇవన్నీ తర్వాత వీధంతటికీ తెలిసినవే కాబట్టి ఇక్కడ రాస్తున్నాను. నా బిందెను కొళాయి దగ్గరి ఆడవాళ్ళే నింపి పెట్టేవాళ్ళు.

బజ్జీల సంగతి తిరిగి తిరిగి అక్క చెవిన పడింది. ఆ సంగతి అక్క నోరు తెరిచి చెప్పింది ఒక్కరికే, వెనకవీధిలో ఉన్న తన స్నేహితురాలికి. ఇద్దరూ ఒకటో తరగతి నుంచి జత. ఇంకెవరు చెప్పి ఉంటారు, ఆమే చెప్పిందనుకుని అక్క వాళ్ళింటికి పోయి గుమ్మంలో నిలబడి నానా మాటలూ అని వచ్చింది. ఆమె ఎంత చెప్పినా వినలేదట. మర్నాడు డైరీలో ఆ పేజీ చదివాను. నమ్మినదే నన్ను మోసం చేసింది, ఇక ఈ జన్మలో దాని గడప తొక్కను, అని ఉంది. చదువుతుంటే నాకు ఏడుపొచ్చింది. కొళాయి దగ్గర ఆ పేజీ చెబుతున్నప్పుడు కూడా ఏడ్చాను. ఆడవాళ్ళు కొంగులతో కళ్ళు ఒత్తుకుని, ఆ మోసగత్తెను తిట్టిపోశారు. నేనూ కలిసి తిట్టాను. ఆ మోసం చేసింది నేనేనన్న సంగతి నాకు తట్టనే లేదంటే నమ్మండి. నేను కథలో మునిగిపోయి ఉన్నాను.

ఈ గొడవకు ముందుగా దెబ్బతిన్నది మగ్గం. మూడు చీరలు నేసేసరికి పడుగు అయిపోతుంది. కొత్త పడుగు పోగుల్ని పాత పోగుల చివరలకు ఒక్కొక్కటిగా, వేళ్ళకు బూడిద రాసుకుని, మెలిపెట్టి అతకాలి. వేల పోగులుంటాయి. ఆ ఇంట్లో మొదటి నుంచీ ఇద్దరు స్నేహితురాళ్ళూ చెరో అంచు నుంచి మొదలుపెట్టి కబుర్లు చెప్పుకుంటూ మధ్యలో కలుసుకునేవాళ్ళు. ఇప్పుడు అక్క ఒక్కతే కూచుంది. పోగులు జారిపోయేవి, కళ్ళు నీళ్ళు తిరిగేవి, లేచి పోయేది. వదిన సాయం పడితే అతుకులు రెండోరోజుకే తెగిపోయాయి. కదిరి వాళ్ళ పెళ్ళిచీర మగ్గమెక్కాల్సి ఉంది. అక్క నాయన అరుగు మీద బీడీ కాలుస్తూ ఎవర్నీ ఏమీ అనకుండా కూచునేవాడు. నేసేటప్పుడు కాళ్ళు పెట్టుకునే మగ్గం గుంతలోకి దిగని రోజు ఆయనకు అన్నం సయించేది కాదు.

నా సంగతి చెప్పాలంటే, మగ్గం ఆగిపోవడం నాకు కలిసొచ్చింది. ఆ ఖాళీ గుంతలోకి దిగి కూచుంటే ఎవరికీ కనబడకుండా చదువుకోవచ్చు. ఈ మాట రాయడానికి ఇప్పుడు సిగ్గుగా ఉంది.

అలా గుంతలో కూచుని వెనక పేజీలు తిరగేస్తుంటే ఒకచోట, ఆ పెళ్ళికొడుకు కాఫీలో కావాలనే ఉప్పు వేశానని, ఈ సంగతి స్నేహితురాలికి కూడా చెప్పలేదని రాసి ఉంది. ఇంత మంచి సంగతిని ఎవరు మాత్రం దాచుకుంటారు? మర్నాడే కొళాయి దగ్గర చెప్పేశాను. సాయంత్రానికి వదిన చెవికి చేరింది, రాత్రికి ఇల్లు దద్దరిల్లింది. అందరూ అక్కను తిడుతుంటే అక్క మాత్రం గోడ గూటి వైపే చూస్తూ నిలబడిందని మా అవ్వ చెప్పింది. ఎందుకు చూసిందో అప్పుడు నాకు అర్థం కాలేదు. ఉప్పు సంగతి ఆ పుస్తకానికి తప్ప ఎవరికీ తెలియదు కదా. స్నేహితురాలిని అనవసరంగా అన్నానని అక్కకు ఆ క్షణంలోనే తెలిసిపోయింది. తెలిసినా వెంటనే పోలేకపోయింది. గుమ్మంలో నిలబడి అన్న మాటలు అడ్డం వచ్చాయి.

ఆ వారమే ఊరి నీళ్ళ మోటరు చెడిపోయింది. కొళాయి లేదు, కథ లేదు. అయినా అలవాటు కొద్దీ చదివేదాన్ని. ఆ రోజుల్లో అక్క తన స్నేహితురాలి గురించి ఒక పేజీ రాసింది. అక్కడక్కడా సిరా చెదిరింది. ఆ పేజీ గురించి తర్వాత చెబుతాను.

దాని తర్వాతి పేజీ నా గురించి. పాపం పక్కింటి పాపకు వచ్చే నెల బడి మాన్పించి పెనుకొండలో పెద్దమ్మ ఇంటికి పంపిస్తారట, తిండి దగ్గర పెట్టే వంకలకు వాళ్ళమ్మ విసిగిపోయిందట, కాకరకాయ కూర కిక్కురుమనకుండా తింటే గానీ వాళ్ళ నాయన మనసు మారదట, అని ఉంది. పెద్దమ్మ ఇంట్లో ప్రతి ఆదివారం పిల్లలందరినీ వరసగా నిలబెట్టి ముక్కు మూసి ఆముదం తాగిస్తారు. నేను పరుగున ఇంటికి పోయి అమ్మను కాకరకాయ కూర చెయ్యమని అడిగాను. అమ్మ నా నుదురు పట్టి చూసింది. వండాక రెండుసార్లు అడిగి వడ్డించుకుని తిన్నాను. అవ్వ భయపడి ఉప్పూ మిరపకాయలతో దిష్టి తీసింది.

మర్నాటి పేజీలో, ఆ పాప పొద్దున్నే లేచి రెండిళ్ళ ముందర ఊడ్చి కల్లాపి చల్లితే కూడా మేలు జరుగుతుందని వాళ్ళ నాయన అన్నాడట. చల్లాను. ఆ పై రోజు, కండెల బుట్టలు దులిపి సర్దే పిల్లలంటే ఆయనకు ఇష్టమట. సర్దాను. మూడు పూటల కాకరకాయ, రెండు వాకిళ్ళ కల్లాపి. పక్కింటి కండెల బుట్టలు అంత శుభ్రంగా ఎప్పుడూ లేవు. అక్క గడపలో కూచుని కొంగు నోట్లో కుక్కుకుని నన్నే చూసేది. జలుబు చేసిందేమో అనుకున్నాను.

ఆరో రోజు గుంతలో కూచుని పేజీ తిప్పితే ఒకే ఒక వాక్యం ఉంది. ఇంకా తింటాండావా పాపా, తల పైకెత్తు, అని. ఎత్తాను. గుంత అంచున అక్క నిలబడి ఉంది.

కొడుతుందనుకున్నాను. అక్క కొట్టలేదు. గుంత గట్టు మీద కూచుని, ఎన్ని దినాలుగా చదువుతున్నావని అడిగింది. చెప్పాను. కొళాయి దగ్గర ఎవరెవరు విన్నారని అడిగింది. అందరూ అన్నాను. డైరీ నా ఒళ్ళోంచి తీసుకుని మూసింది. నాకైతే ఆముదమే మేలనిపించింది. చివరికి ఆమె అన్న మాటలు ఇవి.

“ఆయమ్మ మోసం చేసిందని రాసుకుంటి. మోసం చేసింది నేను. ఇన్నేండ్ల సావాసాన్ని కాదని కొళాయికాడి మాటలు నమ్మినాను. ఆ మాటలు నీవి. నువ్వు యాడ చెప్పినావో ఆడనే నిజం చెప్పల్ల. ఆ పైన ఆయమ్మ ఇంటికి పోవల్ల. నీ ఎనకాలే నేనూ వస్తా.”

మర్నాడు మోటరు బాగైంది. నా ఖర్మ కొద్దీ ఆరోజు కొళాయి దగ్గర జనం రెట్టింపు. ఇన్నాళ్ళూ చెప్పినవన్నీ అక్క పుస్తకంలోంచి దొంగిలించినవని, వెనకవీధి అక్క ఎవరికీ ఒక్క మాట కూడా చెప్పలేదని బిందె పట్టుకుని గడగడా చెప్పేశాను. అందరూ బిందెల వైపు చూపు తిప్పుకున్నారు. అందరి కన్నా పెద్దావిడ మాత్రం, ఉప్పు కాఫీ తాగినోడు మళ్ళా వచ్చినాడా లేదా, అదన్నా చెప్పి పొమ్మంది. ఆరోజు నా బిందె నేనే మోసుకున్నాను.

వెనకవీధి అక్క రాట్నం ముందర కూచుని కండె చుడుతోంది. నేను తల వంచుకుని అంతా ఒప్పుకున్నాను. ఆమె చక్రం ఆపలేదు, నా వైపు చూడలేదు. కండె నిండాక చెయ్యి ఆపి అడిగింది.

“అదంతా సరే. నా గురించి ఏం రాసిండాది?”

నాకు తెలుసు. ఆ సిరా చెదిరిన పేజీ ముక్కముక్కా నాకు నోటికొచ్చు. చెబితే ఆమె కోపం అప్పటికప్పుడే కరిగిపోతుందని కూడా తెలుసు. నాలుక చివర దాకా వచ్చింది. కానీ నోరు తెరిచేసరికి వేరే మాట వచ్చింది.

“చెప్పనక్కా.”

ఊరందరికీ చెప్పినదానివి నాకు చెప్పలేవా అంది. లేచిపోయి గుప్పెడు ఉడికిన చెనక్కాయలు తెచ్చి నా ముందర పెట్టింది. నాకు ఎంత ఇష్టమో ఆమెకు తెలుసు. నేను చేతులు వెనక్కు కట్టుకుని నిలబడ్డాను. కళ్ళల్లోంచి నీళ్ళు కారిపోతున్నాయి గానీ చెప్పలేదు. ఆమె నన్ను ఎగాదిగా చూసి, చెనక్కాయలు నా గౌను జేబులో పోసి, గూట్లోంచి తన బూడిద డబ్బా తీసుకుని బయటికి నడిచింది. గడప అవతల అక్క నిలబడి ఉంది.

ఆ పూట ఇద్దరూ చెరో అంచున కూచున్నారు. నన్ను మధ్యలో కూచోబెట్టి పోగుల చివరలు విడదీసి అందించే పని అప్పగించారు. ఇద్దరి కళ్ళూ పోగుల మీదే ఉన్నాయి. నా వేళ్ళు నొప్పి పుట్టాయి. సాయంత్రానికి దగ్గర దగ్గరగా వచ్చాక ఒకరు ఏదో అన్నారు, ఇంకొకరు నవ్వారు. ఏమన్నారో వినలేదు, ఆ సమయానికి అమ్మ అన్నానికి పిలిచింది. నాకు ప్రాణమనుకుని అమ్మ ఆరోజు కూడా కాకరకాయే వండి పెట్టింది. ఆమె పోయేదాకా, నేను పుట్టింటికి వస్తున్నానంటే చాలు, కాకరకాయ కూర చేసేది. కాదనడానికి నాకు నోరు రాలేదు.

కదిరి వాళ్ళ చీర సమయానికే అందింది. అక్క చివరికి ఆ ఉప్పు కాఫీ పెళ్ళికొడుకునే చేసుకుంది. కాఫీలో ఉప్పుందని తనకు తెలుసని, అయినా అడగలేక తాగేశానని ఆయనే అందరికీ చెప్పుకుని నవ్వుతాడు. ఆ డైరీని ఎప్పుడో చెదలు తినేశాయి.

పోయిన ఏడు ధర్మవరంలో అక్క మనవరాలి పెళ్ళికి పోయాను. భోజనాల దగ్గర మేం ముగ్గురం ఒకే వరసలో, నేను మధ్యలో, కూచున్నాం. తల నెరిసిన వెనకవీధి అక్క నా ఆకులో ఇంకొక ఓళిగ వేయించి, ఇప్పుడన్నా చెప్పమంది. చెప్పనక్కా అన్నాను. అవతలి పక్క నుంచి అక్క వంగి, తనకే గుర్తు లేదని, ఆరోజు ఏం రాసుకుందో చెప్పమని అడిగింది. రాసినామె అడిగితే కాదనే హక్కు నాకు లేదు. ఆమె చెవిలో, ఆమెకు మాత్రమే వినబడేలా, ఆ పేజీ మొత్తం చెప్పాను. ఒక్క మాట కూడా తప్పిపోలేదు. అక్క విని, కళ్ళు తుడుచుకుని, నా మీదుగా చెయ్యి చాచి స్నేహితురాలి మోకాలి మీద పెట్టింది. భోజనం అయ్యేదాకా తీయలేదు.

ఇంతవరకూ విని మా మనవరాలు, ఆ పేజీలో ఏముందో తనకు చెప్పాల్సిందేనని పట్టు పట్టింది. నాలుగు రోజులు కాకరకాయ కూర కిక్కురుమనకుండా తింటే ఆలోచిస్తానన్నాను. నిన్నటికి మూడు రోజులైంది, పాపం తింటోంది. ఆలోచిస్తానన్నానే గానీ, చెప్పను.